ఆటలో అరటిపండులాంటి గోలీ ఇంత పెద్ద కోచ్ ఎలా అయ్యాడు? నూనో కెరీర్‌లో చిక్కుముడులు

2025 సెప్టెంబర్ 9, ఇంగ్లండ్‌లో అర్ధరాత్రి దాటింది, జనం పడుకునే టైమ్‌లో నాటింగ్‌హామ్ ఫారెస్ట్ ఫుట్‌బాల్ క్లబ్ ఒక ప్రకటన పెట్టింది, కోచ్ నూనోని తీసేశాం అని. ముందు సీజన్‌లో టీమ్‌ని 7వ ప్లేస్‌లో నిలబెట్టి దాదాపు 30 ఏళ్ళ తర్వాత యూరప్ పోటీలకి పంపించింది ఈయనే, జూన్‌లోనే పిలిచి మూడేళ్ళ కాంట్రాక్ట్ మీద సంతకం పెట్టించుకున్నారు, కొత్త సీజన్లో ఇంకా మూడు లీగ్ మ్యాచ్‌లే అయ్యాయి. ఆ మూడోది సొంత గ్రౌండ్‌లో వెస్ట్ హామ్ చేతిలో 3-0తో ఓడిపోయారు. తమాషా ఏంటంటే సరిగ్గా 18 రోజులకి, అంటే 27వ తేదీన, అదే వెస్ట్ హామ్ వాళ్ళు తమ కోచ్ గ్రాహమ్ పాటర్‌ని పంపించేసి నూనోని తెచ్చుకున్నారు.

ఒక చోట గెంటేస్తే మూడు వారాలు తిరక్కుండా ఇంగ్లండ్ టాప్ డివిజన్ ప్రీమియర్ లీగ్‌లోనే ఇంకో ఉద్యోగం, అదీ గోలీగా, అంటే గోల్‌కీపర్‌గా, దేశం సీనియర్ టీమ్‌కి ఒక్క మ్యాచ్ కూడా ఆడని మనిషికి. ఎలా అని అడిగితే ఫుట్‌బాల్ ఫాలో అయ్యేవాళ్ళ దగ్గర రెండు రెడీమేడ్ జవాబులుంటాయి. ఒకటి, "వెనకాల పెద్ద ఏజెంట్ జార్జ్ మెండెస్ ఉన్నాడు కదా, ఆయన మనిషి" అని. రెండోది, "గోలీ కదా, డిఫెన్స్ తప్ప ఇంకేం రాదు, గోడ కట్టి కూర్చుంటాడు" అని. రెండిట్లోనూ నిజం ఉంది, కానీ రెండూ కలిపినా ఈయన ఎక్కడ గెలిచాడో ఎక్కడ మునిగాడో మాత్రం అర్థం కాదు, నా బాధ అదీ.

మొదట్నుంచి వద్దాం. నూనో హెర్లాండర్ సిమోయెస్ ఎస్పిరిటో శాంటో 1974 జనవరిలో పుట్టింది ఆఫ్రికా పక్కన సావో టోమే దీవిలో, అప్పటికి అది ఇంకా పోర్చుగల్ చేతిలోనే ఉంది, మరుసటి ఏడాది స్వతంత్రం వచ్చింది. ఇంటిపేరుకి అర్థం పరిశుద్ధాత్మ, గోల్ ముందు నిలబడేవాడికి ఇంతకన్నా మంచి ఇంటిపేరు దొరకదు. పోర్చుగల్‌లో విటోరియా గిమరాయిష్ క్లబ్‌లో గోలీగా పేరు తెచ్చుకున్నాడు. స్పెయిన్‌లో దెపోర్తివో లా కొరున్యా వాళ్ళు కావాలన్నారు, క్లబ్బేమో వదలనంటోంది. అక్కడ దొరికాడు మెండెస్. అప్పటికి ఆయన ఏజెంటేమీ కాదు, ఒకప్పుడు వీడియో క్యాసెట్ల షాపు పెట్టుకుని తర్వాత నైట్‌క్లబ్ నడుపుకుంటున్న మనిషి. ఈ డీల్ ఎలాగో కుదిర్చాడు, 1997 మొదట్లో నూనో స్పెయిన్ చేరాడు. తర్వాత రొనాల్డో, మొరీన్యో లాంటి పేర్లు చేరిన ఆ ఏజెంట్ సామ్రాజ్యానికి బోణీ బేరం మన గోలీయే. అంటే మెండెస్ వల్ల నూనో ఎదిగాడు అనేవాళ్ళు ఒక విషయం గుర్తుపెట్టుకోవాలి, నూనో వల్లే మెండెస్ ఏజెంట్ అయ్యాడు, ఈ అప్పు రెండు వైపులా ఉంది.

స్పెయిన్ చేరాడు సరే, ఆడింది ఎంత? అదే కథ. దెపోర్తివోలో సొంగో ఉన్నాడు, తర్వాత మొలీనా వచ్చాడు, ఈయన్ని మెరిదాకి, ఒసాసునాకి అప్పుగా పంపించారు. 2002లో జోర్జ్ ఆండ్రాదే అనే డిఫెండర్ పోర్చుగల్ పెద్ద క్లబ్ పోర్టో నుంచి దెపోర్తివోకి వెళ్తుంటే ఆ బేరంలో భాగంగా ఈయన్ని ఇటు పంపించారు. పోర్టోలో గోల్ దగ్గర ఎవరున్నారు, వీతోర్ బాయియా, పోర్చుగల్ చూసిన గొప్ప గోలీల్లో ఒకడు. ఇంకేముంది, మళ్ళీ బెంచ్. మొరీన్యో కోచ్‌గా ఉన్న ఆ రెండేళ్ళలో పోర్టో 2003లో యూఈఎఫ్ఏ కప్, 2004లో యూరప్ క్లబ్‌ల అతి పెద్ద కప్పు ఛాంపియన్స్ లీగ్ గెలిచింది, నూనో మెడలో రెండు మెడల్స్ పడ్డాయి, ఫైనల్లో మాత్రం బెంచ్ మీదే. అచ్చంగా ఆటలో అరటిపండు. 2003లో పోర్చుగీస్ కప్‌లో వర్జిమ్ మీద 7-0తో గెలుస్తున్నప్పుడు మొరీన్యో ఈయన్ని పిలిచి పెనాల్టీ నువ్వు కొట్టు అన్నాడు, కొట్టాడు, గోల్ పడింది. నవ్వుకోడానికి బాగుంటుంది కానీ నాకు అందులో ఇంకోటి కనిపిస్తుంది, బెంచ్ మీద ఏళ్ళకేళ్ళు మొహం మాడ్చుకుని కూర్చునేవాడికి ఏ కోచ్ అయినా పెనాల్టీ ఇస్తాడా చెప్పండి.

ఒక్కసారి మాత్రం నిజమైన పని పడింది. 2004 డిసెంబర్ 12, జపాన్‌లో యోకోహామా, ఇంటర్‌కాంటినెంటల్ కప్ ఫైనల్, ఎదురుగా కొలంబియా టీమ్ వన్స్ కాల్దాస్. 0-0 నడుస్తోంది, బాయియా ఒంట్లో బాలేక ఆట ఆఖర్లో బయటికొచ్చేశాడు, గ్లవ్స్ వేసుకుని నూనో వెళ్ళాడు. గోల్ పడలేదు, పెనాల్టీల దాకా వెళ్ళింది, ఒకటీ రెండూ కాదు, వరసపెట్టి కొడుతూనే ఉన్నారు, చివరికి 8-7తో పోర్టో గెలిచింది. ఏళ్ళ తరబడి సిద్ధంగా కూర్చున్నవాడికి ప్రపంచ కప్పు లాంటి మ్యాచ్‌లో ఆఖరి అరగంటా, పెనాల్టీలూ దొరికాయన్నమాట. ఆ తర్వాత మాస్కో డైనమో, చిన్న క్లబ్ ఆవెస్, మళ్ళీ పోర్టో వచ్చి ఈసారి ఎల్టన్ వెనకాల బెంచ్. 2008లో యూరోకి, అంటే యూరప్ దేశాల కప్పుకి, కీమ్ అనే గోలీకి దెబ్బ తగిలితే అతని బదులు టీమ్‌లోకి పిలిచారు, అక్కడా ఆడించలేదు. 2010లో గ్లవ్స్ పక్కన పెట్టాడు.

ఇప్పుడు మొదటి చిక్కుముడి. గోలీలు పెద్ద కోచ్‌లు ఎందుకు కారు? ఉన్నారు, లేకేం. ఇటలీని 2000 యూరో ఫైనల్ దాకా తీసుకెళ్ళిన డీనో జోఫ్ గోలీయే, 1993లో మార్సెయ్‌తో ఛాంపియన్స్ లీగ్ గెలిచిన బెల్జియం ముసలాయన రేమండ్ గోతాల్స్ గోలీయే. కానీ మిడ్‌ఫీల్డర్లతో పోలిస్తే వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. మన క్రికెట్‌లో అయితే వికెట్ల వెనకాల నిలబడేవాడికి ఫీల్డంతా కనిపిస్తుంది కాబట్టి కెప్టెన్సీకి పనికొస్తాడంటాం, లాజిక్ ప్రకారం గోలీకి కూడా గ్రౌండ్ మొత్తం ముందే ఉంటుంది కదా. చిక్కు ఎక్కడంటే ట్రైనింగ్‌లో. టీమంతా ఒక చోట పాస్‌లూ ప్రెసింగూ ప్రాక్టీస్ చేస్తుంటే గోలీలు ముగ్గురూ వాళ్ళ కోచ్‌తో ఓ మూల దూకుతూ పడుతూ ఉంటారు, చాలాసేపు వాళ్ళ లోకం వేరు. రిటైరయ్యాక కూడా "గోల్‌కీపింగ్ కోచ్‌గా రా" అనే అంటారు, ఆ తలుపులోంచి వెళ్ళినవాడు చాలావరకు ఆ గదిలోనే ఉండిపోతాడు. నూనో కూడా మొదట ఆ గదిలోకే వెళ్ళాడు, తన పాత కోచ్ జెసువాల్దో ఫెరీరా వెంట మలగాలో, తర్వాత గ్రీస్‌లో పానాథినాయికోస్‌లో గోలీల కోచ్.

కానీ అంతకుముందే ఒక పని చేసిపెట్టుకున్నాడు, ఇంకా ఆడుతుండగానే స్కాట్లాండ్‌లో లార్గ్స్ అనే ఊళ్ళో జరిగే కోచింగ్ కోర్సుకి వెళ్ళాడు, మొరీన్యో లాంటివాళ్ళు కూడా చదివిన కోర్సు అది. అక్కడ ఇయన్ కాత్రో అని డండీ కుర్రాడు పరిచయమయ్యాడు, పెద్ద స్థాయిలో ఎక్కడా ఆడని ఇరవై రెండు మూడేళ్ళ పిల్లాడు, పిల్లలకి ఫుట్‌బాల్ నేర్పించుకుంటున్నాడు. 2012లో పోర్చుగల్‌లో రియో ఆవే అనే చిన్న క్లబ్ హెడ్ కోచ్ పోస్ట్ ఇవ్వగానే నూనో ఫోన్ చేసి రమ్మంది ఈ కుర్రాణ్ణే. నాకు తెలియనిది నీకు తెలుసు, వచ్చి చెప్పు అన్నట్టు. బెంచ్ మీద పెరిగినవాళ్ళకి ఈ గుణం ఉంటుందనుకుంటా, తనే అన్నీ అని అనుకోరు.

రియో ఆవే రెండేళ్ళు ఈ కెరీర్‌లో అందరూ స్కిప్ చేసే భాగం. మొదటి సీజన్ 6వ ప్లేస్, రెండో సీజన్‌లో రెండు కప్పుల్లోనూ ఫైనల్, రెండూ బెన్‌ఫికా చేతిలో ఓటమి, అయినా క్లబ్ చరిత్రలో మొదటిసారి యూరప్ టికెట్. ఆ టైమ్‌లో ఆ చిన్న క్లబ్‌లో ఉన్న గోలీలెవరో తెలుసా, యాన్ ఓబ్లాక్, ఎడర్‌సన్. ఒకరు తర్వాత అట్లెటికో మాడ్రిడ్ గోడ, ఇంకొకరు మాంచెస్టర్ సిటీ గోలీ.

2014లో వాలెన్సియా. ఇక్కడ మాత్రం మెండెస్ నీడ గట్టిగానే పడింది, దాచేదేం లేదు. సింగపూర్ కోటీశ్వరుడు పీటర్ లిమ్ క్లబ్ కొంటున్నాడు, ఆయన మెండెస్‌కి స్నేహితుడు, కోచ్ మెండెస్ మొదటి క్లయింటు, వచ్చిన ఆటగాళ్ళలో చాలామంది అదే పుస్తకంలోవాళ్ళు. అయితే ఆ సీజన్ ఏమైంది? 77 పాయింట్లు, 4వ ప్లేస్, సెవిల్లా కన్నా ఒక్క పాయింట్ ఎక్కువతో ఛాంపియన్స్ లీగ్‌లోకి. 2015 జనవరిలో సొంత గ్రౌండ్ మెస్తాయాలో రియల్ మాడ్రిడ్‌ని 2-1తో కొట్టారు, వరసగా 22 గెలిచి వస్తున్న రియల్‌ని. తలుపు మెండెస్ తీశాడనే అనుకుందాం, పాయింట్లు మెండెస్ వేయలేదు కదా. కానీ ఆ మరుసటి వేసవి క్లబ్ ప్రెసిడెంట్ సాల్వో, స్పోర్టింగ్ డైరెక్టర్ రుఫెతే ఇద్దరూ వెళ్ళిపోయారు, నూనో చేతికి పెత్తనం ఎక్కువైందన్న మాట ఊరంతా పాకింది, మ్యాచ్‌లు పోవడం మొదలవగానే స్టేడియమే "నూనో వెళ్ళిపో" అని అరిచింది. నవంబర్ ఆఖర్లో వెళ్ళిపోయాడు. అంటే ఏజెంట్ బలం ఉద్యోగం తెచ్చిపెట్టింది, అదే బలం జనానికి కంటగింపై ఉద్యోగం తినేసింది.

2016లో సొంత ఇల్లు పోర్టో. ఇంట గెలిచి రచ్చ గెలవమంటారు, ఈయన కెరీర్ అంతా తిరగేసి ఉంటుంది. క్వాలిఫైయర్‌లో రోమాని రోమ్‌లోనే 3-0తో కొట్టి మొదలుపెట్టాడు, డిఫెన్స్ రాయిలా ఉంది, కానీ గెలవాల్సిన మ్యాచ్‌లు డ్రా అవుతూ వచ్చాయి. ఒకసారి ప్రెస్ మీట్‌లో బోర్డు మీద బొమ్మలు గీసి మా టీమ్ అంటే ఇదీ అని వివరించబోయాడు, పోర్చుగల్ అంతా నవ్వుకుంది. బెన్‌ఫికా తర్వాత 2వ ప్లేస్, ఒక్క కప్పూ లేదు, ఏడాదికే ఇంటికి. పోర్టో లాంటి క్లబ్‌కి వచ్చే ప్రతి చిన్న టీమూ పదిమందిని గోల్ ముందు నిలబెడుతుంది, ఆ గోడ బద్దలుకొట్టడం నీ పని. నూనోకి తెలిసిన విద్య గోడ కట్టడం. ఈ ముక్క గుర్తుపెట్టుకోండి, మళ్ళీ లండన్‌లో వస్తుంది.

ఇక వుల్వ్స్, ఇక్కడ కాస్త ఆగుదాం. 2017లో ఇంగ్లండ్ రెండో డివిజన్లో ఉన్న క్లబ్, ఓనర్లు చైనా కంపెనీ ఫోసన్, వాళ్ళ సలహాదారు మళ్ళీ మెండెస్సే. పోర్టో నుంచి 20 ఏళ్ళ రూబెన్ నెవెస్ ఆ డివిజన్ రికార్డ్ ధరకి వచ్చాడు, అట్లెటికో నుంచి డియోగో జోటా అప్పుగా వచ్చాడు. పక్క క్లబ్‌ల ఓనర్లు ఇదేం న్యాయం అని బహిరంగంగానే గొడవ చేశారు, వాళ్ళ ఏడుపులో న్యాయం లేదని నేననను. కానీ నూనో చేసిన అసలు పని కొన్న ఆటగాళ్ళతో కాదు, ముందే అక్కడున్నవాళ్ళతో. కానర్ కోడీ అని ఒక మామూలు మిడ్‌ఫీల్డర్, అతన్ని తీసుకెళ్ళి ముగ్గురు డిఫెండర్ల మధ్యలో నిలబెట్టాడు. అతనికి పరుగులో వేగం లేదు, గాల్లో బాల్ గెలవడంలో గొప్పవాడూ కాదు, కానీ రెండు ఉన్నాయి, గొంతూ, పొడుగు పాసూ. మ్యాచ్ అంతా అరుస్తూ లైన్ సరిచేస్తూ ఉంటాడు, బాల్ దొరగ్గానే అటు చివర అంచు వెంట పరిగెత్తే వింగ్‌బ్యాక్‌కి ఏటవాలుగా పంపుతాడు. ఆలోచిస్తే అది గోలీ చేసే పనే, వెనకాల నిలబడి అందర్నీ చూస్తూ మాట్లాడ్డం. నూనో తన కళ్ళని పదిహేను గజాలు ముందుకి జరిపాడంతే. అదే కోడీ తర్వాత ఇంగ్లండ్‌కి ఆడాడు.

2018 ఏప్రిల్ 6, కార్డిఫ్‌లో రాత్రి మ్యాచ్, మొదటి రెండు స్థానాల్లో ఉన్న టీమ్‌లు. నెవెస్ ఫ్రీ కిక్‌తో వుల్వ్స్ 1-0. టైమ్ అయిపోయి ఇంజరీ టైమ్ నడుస్తోంది, కార్డిఫ్‌కి పెనాల్టీ. మేడిన్ కొట్టాడు, వుల్వ్స్ గోలీ జాన్ రడ్డీ ఆపేశాడు. ఊపిరి తీసుకునేలోపు ఇంకో పెనాల్టీ! ఈసారి హోయ్‌లెట్, బార్‌కి తగిలి వెనక్కొచ్చింది. విజిల్ పడగానే నూనో గ్రౌండ్‌లోకి పరిగెత్తాడు, ఎదుటి కోచ్ నీల్ వార్నాక్‌కి షేక్‌హ్యాండ్ ఇవ్వాలన్న సంగతే గుర్తులేదు, తర్వాత చెయ్యి చాపితే ఆయన బూతులు తిట్టి పంపించాడు, నూనో క్షమించమన్నాడు, ఆయన వినలేదు. ఆ సీజన్ వుల్వ్స్ 99 పాయింట్లతో ఛాంపియన్. ఇంకో సంగతి, రడ్డీ ఆ గోల్‌లో నిలబడింది ఎందుకంటే అసలు గోలీ కార్ల్ ఇకీమికి సీజన్‌కి ముందు లుకేమియా అని తేలింది. అతని 1వ నంబర్ జెర్సీ ఎవరికీ ఇవ్వలేదు, తర్వాత పోర్చుగల్ గోలీ రూయి పాత్రీసియో వచ్చినప్పుడు కూడా 1 వద్దని 11 వేసుకున్నాడు.

ప్రీమియర్ లీగ్‌లో వరసగా రెండేళ్ళు 7వ ప్లేస్, 2019-20లో మాంచెస్టర్ సిటీని రెండుసార్లూ కొట్టారు. ఇక్కడ రెండో చిక్కుముడి విప్పుకోవచ్చు, డిఫెన్స్ కోచ్ అంటే ఏంటని. బాల్ ప్రత్యర్థికి ఇచ్చేస్తారు, వెనకాల ఐదుగురు, ముందు ముగ్గురు నలుగురు, మధ్యలో ఖాళీ ఉండదు. వాళ్ళు పైకొచ్చేకొద్దీ వాళ్ళ వెనకాల ఖాళీ పెరుగుతుంది, బాల్ చిక్కిందా, రెండు పాస్‌లు, అక్కడ జోటా, హిమెనెజ్, అడామా ట్రావోరే పరుగు. అంటే గోడ అనేది దాక్కోడానికి కాదు, ఎదుటోణ్ణి లోపలికి రప్పించడానికి. పెద్ద టీమ్‌లు లోపలికి వస్తాయి, చిన్న టీమ్‌లు రావు, అందుకే నూనో టీమ్‌లు సిటీని కొట్టి, అడుగునున్న టీమ్‌లతో డ్రాలు చేసుకునేవి.

ఆ సీజన్ 2019 జులైలో మొదలై కోవిడ్ వల్ల 2020 ఆగస్టు 11 దాకా సాగింది, 383 రోజులు. చివరి మ్యాచ్ జర్మనీలో డ్యూయిస్‌బర్గ్, యూరోపా లీగ్ క్వార్టర్, సెవిల్లా మీద. హిమెనెజ్ పెనాల్టీని గోలీ బోనో ఆపాడు, 88వ నిమిషంలో ఓకంపోస్ హెడర్, 1-0, అయిపోయింది. అటు డగౌట్‌లో, అంటే కోచ్ కుర్చీలో, ఉన్నది హులెన్ లోపెతేగీ, ఆయన కూడా ఒకప్పటి గోలీయే, ఆయనా రియల్ మాడ్రిడ్‌లో, బార్సిలోనాలో బెంచ్ అరగదీసినవాడే! ఇంకా విచిత్రం వినండి, పోర్టోలో లోపెతేగీ వెళ్ళిన కొన్నాళ్ళకి నూనో, వుల్వ్స్‌లో నూనో వెళ్ళిన ఏడాదిన్నరకి లోపెతేగీ, వెస్ట్ హామ్‌లో లోపెతేగీ తర్వాత పాటర్, ఆ తర్వాత నూనో. ఇద్దరు బెంచ్ గోలీలు ఒకరి కుర్చీలో ఒకరు కూర్చుంటూ యూరప్ అంతా తిరిగారు.

ఆ తర్వాత జోటా లివర్‌పూల్‌కి వెళ్ళిపోయాడు, హిమెనెజ్‌కి తల పుర్రె విరిగింది, చిన్న స్క్వాడ్‌తోనే నెట్టుకొచ్చే అలవాటున్న కోచ్‌కి ప్రత్యామ్నాయం లేకపోయింది. 13వ ప్లేస్, 2021 మేలో సెలవు.

లండన్ క్లబ్ టాటెన్‌హామ్ గురించి ఎక్కువ చెప్పక్కర్లేదు. మొరీన్యోని తీసేసి రెండు నెలల పైగా వెతికి, అడిగినవాళ్ళతో బేరం కుదరక, చివరికి ఈయన దగ్గరికి వచ్చారు, అంటే పెళ్ళివారికే ఇష్టం లేని పెళ్ళి. మొదటి మ్యాచ్ సిటీ మీద 1-0, తర్వాత ఇంకో రెండు 1-0లు, టేబుల్ టాప్, ఆగస్టు నెల బెస్ట్ మేనేజర్ అవార్డ్. ఆపైన మూడేసి గోల్స్ తినడం మొదలైంది. అక్టోబర్ 30న మాంచెస్టర్ యునైటెడ్ చేతిలో 3-0తో ఓడిన మ్యాచ్‌లో లూకాస్ మౌరాని బయటికి పిలిస్తే సొంత జనమే గోల చేసింది, నవంబర్ 1న పంపించేశారు, మొత్తం 17 మ్యాచ్‌లు. ఓడినందుకు మాత్రమే కాదు, అక్కడి జనం బాల్ తమ కాళ్ళ దగ్గర ఉండాలనుకుంటారు. పోర్టో జబ్బే, ఊరు మారింది. సౌదీలో అల్ ఇత్తిహాద్‌కి 2009 తర్వాత మొదటి లీగ్ టైటిల్ తెచ్చాడు, 30 మ్యాచ్‌ల్లో తిన్నది 13 గోల్సే, అటు రొనాల్డో అల్ నస్ర్‌లో ఉండగానే. మరుసటి సీజన్ బెంజెమా వచ్చాడు, ఇద్దరికీ పడట్లేదని వార్తలొచ్చాయి, 2023 నవంబర్‌లో అక్కణ్ణుంచీ పంపించేశారు.

నెలన్నరలోపు ఫారెస్ట్. 2024 మార్చిలో ఆర్థిక నిబంధనల కేసులో 4 పాయింట్లు కోసేసినా 17వ ప్లేస్‌తో బతికి బయటపడ్డారు. మరుసటి సీజన్ వేరే లెవెల్. ఈసారి ముగ్గురి డిఫెన్స్ కాదు, చాలావరకు నలుగురు, మురిల్లో, మిలెంకోవిచ్ మధ్యలో. బాల్ సగటున 41 శాతం దగ్గరే వీళ్ళ కాళ్ళ దగ్గర ఉండేది, 1969 తర్వాత మొదటిసారి ఆన్‌ఫీల్డ్‌లో లివర్‌పూల్‌ని కొట్టారు, బ్రైటన్‌కి 7 గోల్స్ పెట్టారు, క్రిస్ వుడ్ 33 ఏళ్ళ వయసులో 20 లీగ్ గోల్స్ కొట్టాడు, గోలీ మాట్స్ సెల్స్ 13 క్లీన్ షీట్లతో, అంటే గోల్ తినని మ్యాచ్‌లతో, ఎక్కువ క్లీన్ షీట్లకిచ్చే గోల్డెన్ గ్లవ్ పంచుకున్నాడు. నాకు తోచినంతవరకు ఈ డిఫెన్స్ సూత్రం గోలీ బుర్రలోంచే వచ్చింది. షాట్ రాకుండా ఆపడం కుదరదు, అది ఎక్కణ్ణుంచి రావాలో మాత్రం మనం నిర్ణయించొచ్చు. దూరం నుంచీ పక్క కోణాల నుంచీ ఎన్ని కొట్టినా కొట్టుకోనీ, ఎదురుగా దగ్గర్నుంచి మాత్రం వద్దు.

కానీ పై అంతస్తు వేరే కథ. మేలో లెస్టర్‌తో 2-2 అయ్యాక ఓనర్ మారినాకిస్ గ్రౌండ్‌లోకి దిగి నూనోతో గట్టిగా మాట్లాడ్డం టీవీల్లో అందరూ చూశారు, అది గొడవ కాదని క్లబ్ అంది. వేసవిలో ఫుట్‌బాల్ వ్యవహారాలు చూడ్డానికి ఎడు అనే కొత్త పెద్ద వచ్చాడు, నూనోకీ ఆయనకీ పొసగలేదు. ఆగస్టులో ప్రెస్ ముందు నూనోయే ఒప్పుకున్నాడు, ఓనర్‌తో సంబంధం మునుపటిలా లేదని, నిప్పు లేనిదే పొగ రాదు అన్న అర్థంలో. అంతే, ఏరు దాటాక తెప్ప తగలేశారు. బదులుగా తెచ్చుకున్నది ఎవర్ని, పోస్తెకోగ్లూని, పూర్తి ఎటాక్ మనిషిని. అదే ఆటగాళ్ళు, 8 మ్యాచ్‌లు, ఒక్క గెలుపూ లేదు, 39 రోజులకే ఆయన్నీ పంపించేశారు. నూనో విద్య విలువ ఎంతో కొలవడానికి ఇంతకన్నా మంచి ప్రయోగం ఎవరూ చేయలేరు, ఫారెస్ట్ సొంత డబ్బు పెట్టి చేసింది పాపం.

సో, నా లెక్క ఇది. మెండెస్ తలుపులు తీస్తాడు, వాలెన్సియా, వుల్వ్స్ విషయంలో అనుమానమే అక్కర్లేదు. కానీ లోపలికెళ్ళాక బతకడం రెండిటి మీద ఉంటుంది. బాల్ లేకపోయినా పర్లేదు అని ఒప్పుకునే జనం ఉండాలి, పై అంతస్తుతో పొత్తు కుదరాలి. వుల్వ్స్‌లో నాలుగేళ్ళు రెండూ ఉన్నాయి. ఫారెస్ట్‌లో మొదటిది ఉంది, రెండోది తెగింది. పోర్టోలో, టాటెన్‌హామ్‌లో మొదటిదే లేదు.

వెస్ట్ హామ్ సంగతి? అక్కడ అభిమానులు తరతరాలుగా మా ఆట అందంగా ఉండాలి అనేవాళ్ళు, డేవిడ్ మోయెస్ 2023లో యూరప్ కప్పు తెచ్చినా మరుసటి ఏడాదికల్లా ఆట బోరు అని సణిగినవాళ్ళు. నూనో మొదటి మ్యాచ్ సెప్టెంబర్ 29న ఎవర్టన్ గ్రౌండ్‌లో పడింది. ఎవర్టన్ డగౌట్‌లో ఉన్నది ఆ మోయెస్సే. స్కోరు 1-1.